ఎదురు చుట్టు

ఎదురు చుట్టు తిరుగుతోంది. బైనాక్యులర్స్ తుడుచుకుని మళ్ళీ చూశాను, అద్దం మీద వాన చారికలు ఉన్నాయి కదా, ఆ పసుపు జాకెట్లు ఇవాళ నలుగురైదుగురు వేసుకున్నారు కదా, ఇంకెవరి పిల్లో అయి ఉంటుందిలే, అనుకుంటూ. కాదు. మా మిడతే. మెడ కాస్త పక్కకి వాల్చి, జడ జాకెట్ లోపలికి దోపుకుని, స్టేడియం వెనక ప్రాక్టీసు ట్రాక్ మీద అందరూ ఒకవైపు తిరుగుతుంటే తనొక్కతే వాళ్ళకి ఎదురుగా, బయటి అంచు పట్టుకుని మెల్లగా పరుగెడుతోంది. నా చెల్లెలి కూతురు. ఇరవై ఏళ్ళది. ఇంకో నలభై ఎనిమిది నిమిషాల్లో నాలుగు వందల మీటర్ల ఫైనల్లో ఐదో లేన్‌లో పరుగెత్తాలి. చూసేవాళ్ళు అదేదో నమ్మకం అనుకుంటారు, పరుగెత్తే మావాళ్ళ నమ్మకాలకి లెక్కా పత్రం లేదు కదా, ఒకమ్మాయి ఎడమ మేజోడు ముందు తొడిగితే గానీ గది గడప దాటదు. ఇది నమ్మకం కాదు. ట్రాక్ ఎప్పుడూ ఎడమకే తిరుగుతుంది, మలుపులో ఎడమ పాదం నలుగుతుంది, ఆ పాదంలో ఏదన్నా ఉంటే కుంటు అక్కడ బయటపడుతుంది. ఎదురు తిరిగితే బయటపడదు. కోచ్ కంట్లో పడకుండా ఒళ్ళు వేడెక్కించుకోవచ్చు. ఈ దొంగవిద్య ఏ పుస్తకంలోనూ లేదు, పంతొమ్మిదేళ్ళ క్రితం నేనే కనిపెట్టాను, మూడు వారాల క్రితం ఫోన్లో నేనే దానికి నేర్పాను. మరీ ఓర్చుకోలేకపోతేనే ఎదురు తిరుగు, లేకపోతే వద్దు, అన్నాను. నిన్న సెమీఫైనల్‌కి ముందు అందరితోపాటే తిరిగింది.

"అమ్మాయ్, టీ చల్లారిపోతోంది," అన్నాడు పక్క కుర్చీలోంచి పెద్దాయన. ముప్ఫై నాలుగేళ్ళుగా ఆటలకి వ్యాఖ్యానం చెబుతున్న మనిషి, నాకు ఈ పని నేర్పిన మనిషి, వాన పడి పోటీలు ఆగితే బూట్లు విప్పి కాళ్ళు చాపుకుని కూర్చుంటాడు. టీవీలో పోయినేడాది పోటీలేవో వేస్తున్నారు, పావుగంట దాకా మాకు పని లేదు. వ్యాఖ్యానం గది అంటే జనం ఏదో ఊహించుకుంటారు గానీ ఇద్దరు కూర్చుంటే మూడో మనిషి నిలబడటానికి చోటుండదు, ముందు అద్దం, అద్దం కింద బల్ల, బల్ల మీద రెండు మైకులు, ఒక బుల్లి టీవీ, లేన్ల జాబితా, నాలుగు రంగుల పెన్నులు. మైకు పక్కన ఎర్రటి మీట ఒకటి. దగ్గొస్తే దాన్ని నొక్కి పట్టుకుని దగ్గాలి, నొక్కినంతసేపూ మన గొంతు బయటికి పోదు, దగ్గు మీట అంటాం. పదకొండేళ్ళలో దాన్ని అడ్డం పెట్టుకుని నేను దగ్గిందానికంటే ఏడ్చింది ఎక్కువ. మొదటిరోజే పెద్దాయన చెప్పాడు, మైకు ముందు చుట్టరికం లేదమ్మాయ్, నీ కన్నతల్లి పరుగెత్తినా లేన్ నంబరుతోనే పిలవాలి అని. అలాగే పిలుస్తున్నాను. మూడేళ్ళుగా మిడతని మూడో లేన్ అన్నాను, ఏడో లేన్ అన్నాను, దాని పేరు ఇంటిపేరుతో సహా హాజరుపట్టీ చదివినట్టు చదివాను. బల్లల మీదనుంచి కుర్చీల మీదకి గెంతుతూ నా ఇంట్లో ఒక్క గ్లాసు మిగల్చని పిల్ల. మిడత అని పేరు పెట్టింది నేనే.

మూడు వారాల క్రితం ఆ రాత్రి ఫోన్ చేసింది. "పెద్దమ్మా, ఎడమ పాదం మీద దుప్పటి తగిలినా ఓర్చుకోలేకపోతున్నా." అబద్ధం ఎందుకు చెప్పాలి, దుప్పటి అన్న మాట వినగానే నాకు తెలిసిపోయింది. నేనూ అదే మాట అన్నాను ఒకప్పుడు, హాస్టల్ గదిలో, దుప్పటి తీసేసి పాదం బయట పెట్టుకుని పడుకునేదాన్ని చలికాలంలో. పాదం పైన వేలితో నొక్కితే ఒక్కచోట, సరిగ్గా ఒక్కచోట, ప్రాణం పోతుంది. అక్కడ ఒక చిన్న ఎముక ఉంటుంది, పడవలా ఉంటుందట, ఆ సంగతి విరిగాక డాక్టరు బొమ్మ గీసి చూపించాడు. మొదట వెంట్రుకంత బీట. ఆరు వారాలు కాలు కింద పెట్టకుండా ఉంటే అతుక్కుంటుంది. పెడితే ఒకరోజు రెండు ముక్కలవుతుంది, ఆ తర్వాత నడవగలం, మెట్లెక్కగలం, పరుగు మాత్రం ఇంక లేదు. ఇదంతా తెలిసిన నేను, ఇంత బాగా తెలిసిన నేను, ఏమన్నాను? "ఎవరికీ చెప్పకు. రాబోయే పోటీల్లో సెలక్షన్ అయ్యేదాకా ఓర్చుకో. నొప్పి లేనివాళ్ళెవరే?" అన్నాను. నా నోరు పడిపోను. అచ్చం మాస్టారి గొంతు. నన్ను తయారుచేసి నన్ను విరిచిన మాస్టారే ఇప్పుడు దానికీ కోచ్. ఆయన అనాల్సిన మాట ఆయనకంటే ముందే నేను అనేశాను, పైగా కుంటు దాచుకునే ఉపాయం కూడా చెప్పాను, ఏదో వంటింటి చిట్కా చెప్పినట్టు.

ఎందుకన్నాను అంటే నాకు తెలుసు. తెలియనట్టు నటించి నటించి మూడు వారాలు గడిపాను గానీ తెలుసు. మా ఛానెల్లో ఆటల కార్యక్రమం మొదలయ్యేముందు ఒక దృశ్యం వేస్తారు: తెల్ల బనీను, ఐదో లేన్, ఆఖరి మలుపు, ఒకమ్మాయి పడిపోతుంది. మూడు వందల పదో మీటరు. ఆ అమ్మాయిని నేనే. ముందురోజు సెమీఫైనల్లో యాభై ఒకటి పాయింట్ రెండు సున్నా పరుగెత్తాను, అది ఇప్పటికీ రికార్డే, పంతొమ్మిదేళ్ళుగా ఎవరూ దాన్ని తాకలేదు, కానీ దాన్ని ఎవరు చూపిస్తారు, పరుగు చూడటానికి ఏముంది, పడితేనే కదా చూడటానికి ఏదన్నా ఉండేది. స్ట్రెచర్ మీద నలుగురు మోసుకుపోతుంటే నేను మోచేత్తో మొహం కప్పుకున్నది కూడా వేస్తారు. కూరగాయల కొట్లో కూడా "మీరు ఆ పడిపోయినావిడ కదూ" అంటారు. అవునండీ, ఆవిడనే, కిలో వంకాయలివ్వండి. ప్రతిసారీ ఆ దృశ్యం చూస్తూ ఈసారి పడదేమో అనుకుంటాను, అంత పిచ్చిదాన్ని. మిడత గెలిస్తే, నా రికార్డు అది కొడితే, ఆ దృశ్యం తీసేసి దీన్ని వేస్తారని ఆశపడ్డాను. నా రక్తమే, నా నడకే, ఈసారి పడకుండా. నిన్న సెమీస్‌లో యాభై ఒకటి పాయింట్ మూడు ఎనిమిది. పద్దెనిమిది వందో వంతులు తక్కువ పడింది, అంతే, కన్ను మూసి తెరిచేంత. దాని కాలు తాకట్టు పెట్టి నా పరువు విడిపించుకుందామనుకున్నాను. ఛీ.

నలభై ఒక్క నిమిషాలు. దాని ఫోన్ ఆపేసి ఉంది, పోటీ రోజు పొద్దున్నే మాస్టారు అందరి ఫోన్లూ లాక్కుని సంచిలో వేసుకుంటాడు, మా రోజుల్లో ఉత్తరాలు లాక్కునేవాడు. మాస్టారికే చేశాను. "ఏమ్మా, మైకు పని లేదా?" "మాస్టారూ, అది ఎదురు చుట్టు తిరుగుతోంది చూశారా? ఎడమ పాదం. నాకైనట్టే ఉంది. ఆపెయ్యండి, మీ కాళ్ళు పట్టుకుంటా." వెనక ఎవరిదో ఈల వినిపించింది. "పాదానికేం, రాయిలా ఉంది. నిన్న ఆ పరుగు చూసి నీకు నిద్ర పట్టినట్టు లేదు. ఇంకొక్కసారి చెప్తే విను, పందెం ముందు పిల్ల చెవిలో ఇలాంటివి ఊదకు. నీకు దాని మంచి కావాలా, నీ రికార్డు కావాలా?" పెట్టేశాడు. ఫోన్ చెవి దగ్గరే పట్టుకుని ఉండిపోయాను. అంటే అదీ సంగతి. నేను ఏం మాట్లాడినా ఇదే అంటారు. రేపు పేపర్లో ఇదే రాస్తారు. పంతొమ్మిదేళ్ళు కూర్చుని కాపలా కాసింది, ఇంటిపిల్ల అని కూడా చూడకుండా నోటి దగ్గర కూడు లాగేసింది అంటారు. మిడత కూడా అదే అనుకుంటే?

కిందకి పోదామనుకున్నాను. నాలుగంతస్తులు, తర్వాత పొడుగు వసారా, ఆరు గేట్లు, నా మెడలో ఉన్న నీలం పాసుకి మూడో గేటు దగ్గరే ఆపేస్తారు, ప్రాక్టీసు ట్రాక్‌కి ఎర్ర పాసు కావాలి. పైగా ఈ కాలు, వాన పడితే అదో వైభోగం. వెళ్ళేసరికి మిడత కాల్ రూమ్‌లోకి వెళ్ళిపోతుంది. కాల్ రూమ్ అంటే పరుగుకి ముందు ఎనిమిది మందినీ కూర్చోబెట్టే గది, నంబర్లు చూస్తారు, బూట్ల మేకులు చూస్తారు, ఒకసారి లోపలికి పోతే కోచ్ కాదు కదా దేవుడు వచ్చినా మాట్లాడనివ్వరు. ఇంక ఎవరు? చెల్లి. దాని కన్నతల్లి. చెల్లికి చెప్పడమే న్యాయం. యూనిఫాంలు కుట్టే ఫ్యాక్టరీలో పని, ఫోన్ ఒక్క మోతకే ఎత్తింది, వెనక ఒకటే గోల. "అక్కా! అందరం మిషన్లు ఆపేసి క్యాంటీన్‌లో టీవీ ముందు కూర్చున్నామే. మా సూపర్‌వైజర్ కూడా వచ్చింది, కుర్చీ వేశాం." చెల్లీ, అన్నాను. "వాన తగ్గిందా? జరుగుతుందిగా? అక్కా, ఒక్క మాట, కోప్పడకు. ఇవాళైనా దాని గురించి నాలుగు మంచి మాటలు చెప్పవే. మరీ పరాయిదాని గురించి చెప్పినట్టు చెప్తావు. ఇక్కడ వీళ్ళంతా నీకూ దానికీ ఏమన్నా గొడవా అని అడుగుతున్నారు." పదేళ్ళప్పుడు దాన్ని నా దగ్గర వదిలిపెడుతూ, నీ చేతుల్లో పెడుతున్నానక్కా అంది ఇదే గొంతుతో. చెప్తాలే, అన్నాను. ఫోన్ పెట్టేశాను. పిరికిదాన్ని, పచ్చి పిరికిదాన్ని.

ముప్ఫై నిమిషాలు. చెవిలో ప్రొడ్యూసర్, కింద ప్రసారాల బండిలో పద్నాలుగు టీవీల ముందు కూర్చునే కుర్రావిడ, చురుకైన మనిషే, మంచిదే. దగ్గు మీట నొక్కి, వేరే బటన్ మీద తనతో మాట్లాడాను. ఐదో లేన్ కాలు బాగాలేదు, డాక్టరుకి కబురు పెట్టించండి, అన్నాను. "ఎవరు చెప్పారు?" ఎవరూ చెప్పలేదు, చూశాను, ఎదురు చుట్టు తిరిగింది. "ఏం తిరిగింది?" అందరికీ ఎదురుగా, అన్నాను. "మేడమ్, ఆ అమ్మాయి రివర్స్‌లో జాగింగ్ చేసిందని డాక్టరుకి ఏమని చెప్పమంటారు? నవ్వుతారు." నిజమే, నవ్వుతారు. ఈ భాష ప్రపంచంలో ఇద్దరికే వచ్చు, ఒకత్తె అక్కడుంది, ఒకత్తె ఇక్కడుంది, మధ్యలో ఇంత లావు అద్దం. పెద్దాయన బూట్లు తొడుక్కుంటున్నాడు, నా వైపు చూడటం లేదు, లేసులు కట్టుకుంటూ "మీ పాపకేమన్నా అయిందా?" అన్నాడు నెమ్మదిగా. మీ పాప అన్నాడు. మూడేళ్ళలో ఆయన నోట ఆ మాట ఎప్పుడూ రాలేదు. తెలుసన్నమాట, మొదట్నుంచీ తెలుసు. నేను తల ఊపాను, అంతే, నోరు తెరిస్తే ఏడుపు తప్ప ఇంకేం రాదు.

తర్వాత లైవ్. పెద్దాయన వాన గురించి చెప్పాడు, తడి ట్రాక్ గురించి చెప్పాడు, ఆ గొంతు వింటే ప్రళయం వస్తున్నా సరేలే అనిపిస్తుంది. నేను రెండో లేన్ గురించి చెప్పాను, మూడో లేన్ గురించి చెప్పాను, ఏం చెప్పానో నాకే తెలియదు, పదకొండేళ్ళ అలవాటు, నోరు దానంతటది పనిచేసుకుపోతుంది. బుల్లి టీవీలో కాల్ రూమ్ చూపించారు. రెండు బెంచీలు, ఎనిమిది మంది, ఒకమ్మాయి కళ్ళు మూసుకుంది, ఒకమ్మాయి మోకాళ్ళు తడుతోంది. మిడత ఎడమ కాలు ముందుకి చాపి కూర్చుంది, మడమ మాత్రమే నేలకి ఆనింది, మిగతా పాదం గాలిలో ఉంది. నేనూ అలాగే కూర్చున్నాను. ఎవరూ గమనించలేదు. వాళ్ళ తలల మీద, గోడకి, ఒక టీవీ. పోయినేడాది ఆ గది మీద కార్యక్రమం చేయడానికి వెళ్ళాను కదా, నంబర్లు చూసే గుమస్తాల కోసం పెట్టిన టీవీ అది, రోజంతా మా ఛానెలే మోగుతుంది. అమ్మాయిలు విననట్టు కూర్చుంటారు, ఒక్క ముక్క వదలకుండా వింటారు. నా గొంతు అక్కడ ఉంది. ఆరు గేట్లు దాటి, ఏ పాసూ లేకుండా, ఇప్పుడు, ఈ క్షణం, రెండో లేన్ గురించి పనికిమాలిన కబుర్లు చెబుతూ నా గొంతు దాని తల మీద ఉంది.

ఉద్యోగం పోతుంది, పోనీ. మాస్టారు ఊరంతా టముకు వేస్తాడు, వెయ్యనీ. చెల్లి ఆ క్యాంటీన్‌లో అందరి ముందు... అమ్మా, చెల్లి. మిడత నన్ను జన్మలో క్షమించదు, ఆ రోజుల్లో నా నోటి దగ్గర పరుగు లాగేసి ఉంటే నేను క్షమించేదాన్నా? చంపేసేదాన్ని. కానీ ఎవరూ లాగలేదు. పంతొమ్మిదేళ్ళుగా నా ఏడుపంతా అదే కదా, ఒక్కళ్ళు, ఒక్కళ్ళు కూడా ఆగవే అనలేదు. నా చెయ్యి దగ్గు మీట మీద ఉంది. తీసేశాను.

"ఐదో లేన్ గురించి ఒక మాట చెప్పాలి," అన్నాను. "ఆ అమ్మాయి మా చెల్లెలి కూతురు. ఇంట్లో మిడత అంటాం. దాని ఎడమ పాదంలో ఎముకకి బీట పడిందని నా అనుమానం. అనుమానం కాదు, నాకు తెలుసు, నాకు విరిగింది అదే. మూడు వారాల క్రితం నొప్పి అని నాకు చెప్పుకుంటే ఎవరికీ చెప్పొద్దని నోరు మూయించింది నేనే, కుంటు కనపడకుండా ఎదురు చుట్టు తిరగమని నేర్పింది నేనే. మిడతా, వింటున్నావు కదూ. నీకు తప్పు చెప్పానమ్మా. ఆగిపో. నా రికార్డు కోసం అనుకున్నా సరే, నన్ను తిట్టుకో, కానీ ఆగిపో తల్లీ." చెవిలో ప్రొడ్యూసర్ అరుస్తోంది, ఆపండి, ఏం చేస్తున్నారు, కట్ చెయ్యండి, అయ్యో ఇది లైవ్. పెద్దాయన తన దగ్గు మీట నొక్కి పట్టుకుని నా వైపు వంగి "కానివ్వమ్మాయ్" అన్నాడు. ఇంక కానివ్వడానికి ఏముంది, అయిపోయింది. బుల్లి టీవీలో ఏడుగురు ఒకేసారి మిడత వైపు తిరిగారు. అది తల ఎత్తలేదు. వంగి, ఎడమ బూటు లేసు విప్పి, మళ్ళీ కట్టుకుంది, ఇందాకటికంటే గట్టిగా.

అంటే పరుగెడుతుంది. మా రక్తం కదా, పరుగెడుతుంది. ఎనిమిది మందీ వరసగా బయటికి వచ్చారు, తడి ట్రాక్ మీద వాళ్ళ నీడలు కూడా లేవు. మిడత కుంటడం లేదు. నాలాగే, కొంచెం కూడా కుంటడం లేదు, పళ్ళ బిగువు ఇంత దూరం నుంచి కూడా కనిపిస్తోంది. జాకెట్ విప్పి బుట్టలో వేసింది. తెల్ల బనీను, దేవుడా, తెల్ల బనీను, తొడ పక్కన ఐదో నంబరు అంటించుకుని ఉంది, ఆ దృశ్యం మళ్ళీ మొదలైంది, ఈసారీ పడుతుంది, ఈసారీ నేను చూస్తూ కూర్చుంటాను, ఈసారి నోటితో చెప్పాలి కూడా. బల్ల మీద ఫోన్ గిరగిరా కొట్టుకుంటోంది, చెల్లి, ఎత్తలేదు. మిడత వంగి స్టార్టింగ్ బ్లాకులు సరిచేసుకుంది, అందరూ చేసేటట్టే ఒకసారి ఉత్తినే దూకి చూసింది. ఒక అడుగు. రెండు. మూడో అడుగు ఎడమది. ఆగింది. అక్కడే నిలబడింది, చేతులు నడుం మీద పెట్టుకుని, మలుపు వైపు చూస్తూ, ఎంతసేపు నిలబడిందో నాకు తెలియదు, స్టార్టరు ఏదో అడుగుతున్నాడు. అప్పుడు తల ఎత్తి నా అద్దం వైపు చూసింది. ఆ మొహంలో నా మీద ప్రేమ అన్నది ఇసుమంత కూడా లేదు.

వెనక్కి వచ్చి, తొడ మీది ఐదో నంబరు పీకి, బ్లాకుకి అంటించి, తిరిగింది. ఏడుగురు ఒకవైపు, తనొక్కతే ఎదురుగా, మలుపు వెంట వెనక్కి, మెల్లగా. ఇప్పుడు కుంటుతోంది. ఇంక దాచుకోవడం లేదు, ప్రతి అడుక్కీ బాగా కుంటుతోంది, స్ట్రెచర్ పట్టుకుని ఇద్దరు పరుగెత్తుకొస్తే చేత్తో వద్దని తోసేసింది. చెవిలో ప్రొడ్యూసర్ గొంతు తగ్గింది, "ఏదో ఒకటి చెప్పండి మేడమ్, జనం చూస్తున్నారు, ఏం జరుగుతోందో చెప్పండి" అంటోంది. పెద్దాయన మైకు నా వైపు జరిపాడు. నా ముఖం తడిసిపోయి ఉంది, దగ్గు మీట అక్కడే ఉంది, నొక్కలేదు.

"ఐదో లేన్ ఖాళీ," అన్నాను. "మా పాప నడిచి వెళ్ళిపోతోంది. చూడండి. తన కాళ్ళ మీద తను నడిచి వెళ్ళిపోతోంది."